‘ది డ్రీమర్స్’ చిత్రమున శృంగారవీరములు

శృంగారవీరములకు విరోధము గలదా లేదా యనుచో నాలంకారికు లేకాభిప్రాయులు కారు. ఆనందవర్ధనుఁడు రెండును నేకాశ్రయమున నుండుటకు బాధ లేదనెను. విశ్వనాథుఁడు సాహిత్యదర్పణమున వీరమును శృంగారవిరోధులలోఁ జేర్చెను. 2003వ సంవత్సరమున వెలువడిన బెర్తొలూచి చిత్రము ‘ది డ్రీమర్స్’ ఈ వివాదమునకుఁ దగిన లక్ష్యము. రసనిరూపణము మొదట నాట్యమునకే చేయఁబడినదని మఱచినవారు మాత్రమే చలనచిత్రము లక్ష్యము గాదందురు.

గిల్బర్ట్ అడేర్ తన 1988 నాఁటి నవలను దానే చిత్రకథగా మార్చెను. స్థలము పారిస్, కాలము 1968. ఆ యేఁటి ఫిబ్రవరిలో సినిమాతెక్ అను చిత్రభాండాగారమునుండి యాన్రి లాంగ్లువాను ప్రభుత్వము తొలఁగింపఁగా యువకులు వీథిఁ బడిరి. అచట అమెరికా విద్యార్థి మాథ్యూకుఁ గవలలైన ఇజబెల్, తెయోలతోఁ బరిచయమగును. తల్లిదండ్రులు లేని యింట మువ్వురును దలుపులు మూసికొని చిత్రప్రశ్నలతోడను గామక్రీడలతోడను దినములు గడపుదురు. వెలుపల మే నెల తిరుగుబాటు పెరుగుచుండును.

కవలల యనురక్తి సోదరధర్మపు మేరను దాఁటుటచే ననౌచిత్యము పొంది రసాభాసమగుచున్నది. దోషమని కొట్టివేయుట సులభమే. కాని దర్శకుఁడు దాని నాభాసముగా నెఱిఁగియే నిలిపినాఁడు. వారి యుత్సాహమును నట్టిదే. తెయో మావోను గొనియాడును, గడప దాఁటఁడు. మాథ్యూ యీ మాటను మొగముమీఁదనే యనును. గొదార్ 1964 నాఁటి చిత్రమునందలి పరుగును మువ్వురును లూవ్ర్ మందిరమున మఱల పరుగిడుదురు. శంకుకుని యనుకృతివాదమున కింతకంటె నుదాహరణము దొరకుట యరుదు.

ఈ చిత్రమునకుఁ బ్రాణమైన ఘట్టము వేఱు. తల్లిదండ్రులు వచ్చి, ఇంటిలో నమర్చిన గుడారమున నిద్రించుచున్న మువ్వురను జూచి, చెక్కు వ్రాసియుంచి, పలుకక మరలిపోవుదురు. మేల్కొని దానిని గాంచిన ఇజబెల్ వంటవాయువును విడిచి వారి నడుమఁ బరుండును. అంతలో వీథినుండి వచ్చిన ఱాయి కిటికీ నద్దమును బగులఁగొట్టును. విసరినవాఁ డెవఁడో చిత్రము చెప్పదు: కర్త నెఱిఁగింపని కర్మణిప్రయోగము. మరణమునకు సిద్ధమైన శృంగారమును వీరమే వచ్చి బ్రదికించెను. విరోధి యట్లు చేయదు. విశ్వనాథుని మత మిచట నిలువదు.

ఆనందవర్ధనుని మతమైనను బూర్ణముగా నెగ్గినదని చెప్పరాదు. వీథి కేఁగిన కవలలు చేయి విడువక పెట్రోలు సీసాతో ముందునకుఁ బోవుదురు. అనగా నుత్సాహమునకు రతియే యూఁత. వలదన్న మాథ్యూ వెనుదిరిగి జనములోఁ గలసిపోవును. ఆతని రతి యొకరియెడ నుండియు వీరముగాఁ బరిణమింపదు, ఆభాసము గాదు కాఁబోలు.

రక్షకభటులు మీఁదికి దుముకునప్పుడు పశ్చాత్తాపము లేదను ఎడిత్ పియాఫ్ గీతమును దర్శకుఁడు వినిపించినాఁడు. అప్పటిదాఁక వ్యంగ్యముగా నున్న భావము పాటచే వాచ్యమైనది, ఇది స్వశబ్దవాచ్యత్వదోషము. ఆ నినాదముల రొదయు, బూట్ల చప్పుడును జాలియుండెను.