బోనులో నిలబడ్డ ఊర్వశి

"శారదంటే నీకు ఏడుపొక్కటే గుర్తొచ్చిందటే?" అంది అమ్మమ్మ. ఆమెది తెనాలి. శారదదీ తెనాలే. నా పిహెచ్‌డి సిద్ధాంత గ్రంథంలో శారద గురించి రాసింది ఒకే ఒక్క వాక్యం: త్యాగమయి అనే మూసకు కన్నీటితో ప్రాణం పోసిన నటి అని. విజయవాడలో మా ఇంట్లో కూర్చుని అది చదివి వినిపిస్తే వచ్చిన స్పందన అది. చిన్నబుచ్చుకున్నాను. తర్వాత ఆమె సినిమాలు వరసపెట్టి మళ్ళీ చూశాను. తప్పు నాదే.

'ఊర్వశి'ని మనం ఆమె ఇంటిపేరులా వాడేస్తున్నాం. 1967 సంవత్సరానికి నర్గీస్‌తో మొదలైన జాతీయ ఉత్తమ నటి పురస్కారానికి అప్పట్లో ఉన్న పేరది. మరుసటి ఏడాదికి మలయాళ 'తులాభారం' ద్వారా శారదకు వచ్చింది. తోప్పిల్ భాసి నాటకాన్ని ఎ. విన్సెంట్ తెరకెక్కించారు. భర్త పోయి, ఆకలికి తాళలేక, కన్నపిల్లలకు విషం పెట్టి, తాను మాత్రం బతికిపోయి కోర్టు బోనెక్కిన తల్లి ఆ పాత్ర. దేవలోకపు వేశ్య పేరిట పెట్టిన బహుమతి ఇలాంటి తల్లికి దక్కడంలోని వైరుధ్యం ఎవరికీ పట్టినట్టు లేదు.

అదే కథ 1969లో తెలుగులో 'మనుషులు మారాలి' అయింది. తమిళ, హిందీల్లోనూ ఆ పాత్ర శారదదే. ఒకే బోనులో నాలుగు భాషల్లో నిలబడిందన్నమాట. పేరులోనే ఒక డిమాండు ఉన్న సినిమా, మనకు మాత్రం తడిసిన కొంగులుగానే మిగిలింది. "ఆమె అడిగింది, మేం ఏడ్చాం" అంటుంది అమ్మమ్మ. నా సిద్ధాంత గ్రంథంలో లేని విమర్శ అది.

1972లో అదూర్ గోపాలకృష్ణన్ తొలి చిత్రం 'స్వయంవరం'. ప్రేమించినవాడితో ఇల్లు విడిచి తిరువనంతపురం చేరిన సీత. ఉద్యోగాలు పోతాయి, ఇళ్ళు చిన్నవవుతాయి, చివరికి అతనూ పోతాడు. చంటిబిడ్డతో మిగిలిన సీత గడియవేసిన తలుపు వైపు చూస్తూ ఉండగా సినిమా అయిపోతుంది. ఆమె తర్వాత ఏం చేస్తుందో దర్శకుడు చెప్పడు. ఆ ముఖం కూడా చెప్పదు. దుఃఖాన్ని ఒలకబోయకుండా పట్టి ఉంచడం తెలిసిన నటి ఆమె అని అక్కడ నాకు అర్థమైంది. రెండో ఊర్వశి ఆ చూపుకే. మూడోది బి.ఎస్. నారాయణ తీసిన తెలుగు చిత్రం 'నిమజ్జనం'కి. తెలుగు నటికి తెలుగు సినిమాలో జాతీయ పురస్కారం రావడానికి అంతకాలం పట్టింది.

మన దగ్గర ఆమెకు ఏడుపు కాక మరొకటి ఇచ్చింది ఎక్కువగా రచయిత్రులే అంటాను. 1975 నాటి 'బలిపీఠం' రంగనాయకమ్మ నవల. అందులోని అరుణ వితంతువే, కానీ కులాహంకారం వదలని మనిషి. ప్రేక్షకుల సానుభూతి ఆమెకు అంత సులువుగా దొరకదు. 1981 నాటి 'న్యాయం కావాలి'కి డి. కామేశ్వరి నవల 'కొత్త మలుపు' ఆధారం. మోసపోయిన అమ్మాయిగా రాధిక కోర్టుకెక్కితే, ఆమె తరఫున వాదించే వకీలు శారద. పన్నెండేళ్ళలో బోనులోంచి నల్లకోటులోకి వచ్చింది. 1986లో 'ప్రతిధ్వని'లో పోలీసు అధికారి. ఆ తర్వాత వరసగా వచ్చిన పెత్తందారీ అత్తగార్ల మీద నాకు పెద్ద గౌరవం లేదు. ఆ అధికారం పితృస్వామ్యం అద్దెకిచ్చింది. 1996లో తెనాలి నుంచి లోక్‌సభకు వెళ్ళిన విషయం ఇక్కడ చాలామందికి తెలిసిందే.

2017లో కేరళ ప్రభుత్వం మలయాళ చిత్రపరిశ్రమలో స్త్రీల స్థితిగతుల మీద వేసిన జస్టిస్ హేమ కమిటీలోని ముగ్గురు సభ్యుల్లో శారద ఒకరని మాత్రం మన వ్యాసాల్లో అరుదుగా కనిపిస్తుంది. ఇన్నాళ్ళూ తెరమీద సాక్ష్యం చెప్పిన మనిషి ఈసారి బల్లకు అవతల కూర్చుని తోటి నటీమణుల సాక్ష్యం విన్నది. నివేదిక 2019 చివర్లో ప్రభుత్వానికి చేరింది. కొన్ని పేజీలు తీసేసి, 2024 ఆగస్టులో గానీ బయటపెట్టలేదు. అదే నెలలో, తెలుగు పరిశ్రమ గురించి తెలంగాణలో తయారైన సబ్‌కమిటీ నివేదికను వెల్లడించమని 'వాయిస్ ఆఫ్ విమెన్' కోరింది.

అమ్మమ్మకు ఇదంతా చెప్పాను. కాసేపు ఊరుకుని, "మరి మనవాళ్ళ కాగితాల్లో ఏముందిటే?" అంది.

నేను చదవలేదని చెప్పాను.