గణఫలము – అర్థబలము

కావ్యాదిని వ్రాయఁబడు వర్ణములు లోకమునందలి స్థితిగతులను మార్చఁగలవను వాదము మన లక్షణగ్రంథములందుఁ జిరకాలముగా నున్నది. కృతిమొదట నే గణము నిలుచునో తత్ఫలము కృతిపతికిఁ గలుగునని లాక్షణికుల మతము. మగణమునకు భూమి యధిదేవత, సంపద ఫలము; యగణమునకు జలము, వృద్ధి; రగణమునకు నగ్ని, మరణము; సగణమునకు వాయువు, దూరదేశగమనము; తగణమునకు నాకాశము, శూన్యము; జగణమునకు సూర్యుఁడు, రోగము; భగణమునకుఁ జంద్రుఁడు, కీర్తి; నగణమునకు స్వర్గము, సుఖము. 1656 వ సంవత్సరమున రచితమైన అప్పకవీయము మొదలగు గ్రంథములు గణములతోపాటు వర్ణములకును శుభాశుభములను విచారించినవి. ఈ మతమును మూఢవిశ్వాసమని త్రోసివేయుట సులభము. దానిని నెలకొల్పినవారే దాని కెంతటి బలము నొసఁగిరో పరిశీలించుట యుక్తము.

ఈ నియమమును యథాతథముగా గ్రహించినచో మత్తేభవిక్రీడితము సగణముతోను, ఇంద్రవజ్ర తగణముతోను, ఉపేంద్రవజ్ర జగణముతోను మొదలగుటంజేసి మంగళపద్యమున కనర్హము లగును. కాని కాళిదాసు కుమారసంభవమును దగణముతోనే ప్రారంభించెను. ఆ కావ్యము శూన్యఫలమయ్యెనని చెప్పఁగల సాహసికుఁ డెవ్వఁడు? నన్నయభట్టు శ్రీకారపూర్వకముగా మగణముతో మొదలగు సంస్కృతశార్దూలమును భారతాదియందు నిలిపెను. భారతము నేఁటిదాఁక నిలుచుట కదియే కారణమని కొందఱనవచ్చును. శ్రీకారముతో నారంభమయ్యును జదువువారు లేక తాటాకులయందే యుండిపోయిన కృతులు మన భాండాగారములం దెన్నియో కలవని వారు మఱువరాదు.

దేవతావాచకములును శుభవాచకములును మొదట నున్నచో వర్ణమువలనఁ గాని గణమువలనఁ గాని దోషము పొందదని లాక్షణికులే యపవాదము చెప్పియున్నారు. కుమారసంభవాదిని హిమవంతుఁడు దేవతాస్వరూపుఁడుగా వర్ణింపఁబడెను గావున దోషము లేదందురేని, మేము చెప్పునదియు నదియే. ఒక్క పదముయొక్క యర్థము గణదోషము నంతటిని హరింపఁగలిగెనేని, బలము అర్థమునదే కాని యక్షరసంఖ్యది కాదు. నియమమును గాపాడుటకుఁ జెప్పిన యపవాదమే నియమమును మ్రింగివేసినది.

వేములవాడ భీమకవి కథలును దీనినే చాటుచున్నవి. భోజనపంక్తికి రానీయని వారి యప్పములు కప్పలయ్యెననియు, అన్నము సున్నమయ్యెననియు, కళింగగంగు రాజ్యభ్రష్టుఁడై మరల నా కవి వాక్కుచేతనే రాజ్యము వడసెననియుఁ జెప్పుదురు. ఈ కథలను జెప్పువారు గణములను లెక్కింపరు. కవి కోపించెననియు, పిదపఁ గరుణించెననియుఁ జెప్పుదురు. శ్రీనాథుఁడు కాశీఖండావతారికలో నన్నయాదుల రీతులతోపాటు భీమకవి రీతినిఁ దాను సమయానుగుణముగా నవలంబించుటను బేర్కొనెను. అతఁ డచ్చటఁ గోరినది భీమకవి రచనలోని యుద్దండత, శాపమహిమను గాదు.

కావున నొక చాటువు ఫలించెనను ప్రవాదమును బట్టి దానిని భీమకవికృతమని నిర్ణయించుటయు, ఒక కృతిపతి కష్టములకుఁ గావ్యాదిగణమును గారణముగాఁ జూపుటయు విమర్శకులు మానవలెను. మొదటిది కర్తృత్వనిర్ణయమును గలుషితము చేయును. రెండవది నిర్దోషియైన కవిపై నిందను మోపును. చాటువులకు భాషాఛందస్సులును బ్రాచీనగ్రంథోదాహరణములును బ్రమాణములు కావలెను.

ఇట్లనుటచేత వాక్కునకు శక్తి లేదనుట మా యభిప్రాయము గాదు. సేనాబలము గల రాజు నెదుర్కొనుటకు నిరాయుధుఁడగు కవికిఁ బద్యమొక్కటియే యుండెను. ఆ పద్యము రాజ్యమును గూల్చెనో లేదో కాని, రాజు చూపిన యనాదరమును దరతరముల జనుల నోట నిలిపినది. వ్రాఁత లోకమును మార్చు విధ మిదియే. ఇందులకు మగణముతోఁ బనిలేదు.