మేడెక్కిన చలువ పందిరి

శ్రీరామనవమి కల్యాణానికి వీధిలో తాటాకు పందిరి వేస్తే దాని కింద ఎంతసేపైనా కూర్చుంటాం. అదే ఎండలో ఇనుప రేకు కింద పావుగంట ఉండలేం. రేకు కాలి, ఆ సెగను కిందికే కొడుతుంది. తాటాకు సందుల్లోంచి వేడిగాలి పైకి పోతూనే ఉంటుంది. ఇది చిన్నప్పటి నుంచి తెలిసిన మనమే, డాబా మీద సాయంత్రాలు గడపాలనుకునేసరికి ప్లాస్టిక్ షీట్ల కేటలాగులు తిరగేస్తున్నాం. నాకు బాధేస్తుంది.

ఈ వేసవిలో మా డాబా మీద పందిరి వేయించాను. వేయడానికొచ్చిన పెద్దాయన ముందుగా కొబ్బరి తాడును బకెట్లో నానేశాడు. "ఎండు తాడు ముడి దగ్గర పుటుక్కుమంటుందమ్మా" అన్నాడు. ఆకులు ముందే బరువు కింద అణిచి ఆరబెట్టినవి. చూరు వైపు మొదలుపెట్టి, కింది వరుస మీదికి పై వరుస ఎక్కేలా పరుచుకుంటూ పోయాడు. వాన పడ్డా నీళ్లు ఆకు మీంచి ఆకు మీదికి జారిపోవాలి కదా! ప్రతి ముడినీ లాగి చూశాడు. ఒకటి వదులుగా తగిలితే మొత్తం విప్పి మళ్లీ కట్టాడు. మేకన్నది వాడలేదు. గాలికి పందిరి కాస్త ఊగాలి, కట్టు మాత్రం జారకూడదు. ఆ లెక్క ఆయన వేళ్లకు తెలుసు.

స్లాబుకు రంధ్రాలు పెడితే కారుతుందని గుంజలను పాత రంగు డబ్బాల్లో నిలిపి కాంక్రీటు పోయించాం, పిట్టగోడకూ బిగించాం. చెద భయం ఉన్నచోట సరుగుడు బాదులకు బదులు ఇనుప గొట్టాలు వాడినా తప్పులేదు. నిప్పు దగ్గర మాత్రం మొహమాటం పనికిరాదు: ఆ పందిరి కింద పొయ్యి గానీ, వేలాడే కరెంటు తీగ గానీ ఉండకూడదు.

పడమటి వైపు వట్టివేళ్ల తడిక కట్టి నీళ్లు చల్లితే ఇంకా హాయి. లీటరు నీరు ఆవిరి కావడానికి దాదాపు 2,400 కిలోజౌళ్ల వేడి కావాలి. అందులో చాలావరకు తడికలోంచి వచ్చే గాలి నుంచే లాగుతుంది. హైదరాబాద్, కర్నూలు లాంటి పొడి ఎండలకు ఇది బాగా పనిచేస్తుంది. ఉక్కపోసే కాకినాడ, విశాఖల్లో తడిక కన్నా పక్కలు తెరిచి ఉంచడమే మేలు.

ఆకు మళ్లీ మళ్లీ మార్చాలనే చాలామంది వెనకాడతారు. మార్చాలి కాబట్టే పందిరి వేసేవాళ్ల చేతులకు పని. పెళ్లి పందిళ్లన్నీ షామియానాలు అయ్యాక వాళ్లను పిలిచేవాళ్లు తగ్గిపోయారు. వచ్చే ఏటికి ఫాల్గుణంలోనే ఆకు తెప్పించమని పెద్దాయనకు బయానా ఇచ్చాను. పక్కింటివాళ్లూ వాళ్ల డాబా కొలతలు రాసిచ్చారు.