పాఠంలో మా తాండా ఎక్కడ?

ఎన్‌సీఈఆర్‌టీ 2006లో తెచ్చిన తొమ్మిదో తరగతి చరిత్ర పుస్తకంలో పశుపాలకుల మీద ఒక పాఠం ఉంది. గద్దీలు, ధన్‌గర్‌లు, రైకాలు, ఆఫ్రికాలోని మాసాయిలు అందులో కనిపిస్తారు. మన గొల్ల, కురుమల పేర్లూ ఉన్నాయి.

ఆ పాఠం చేసిన మేలు ముందు చెప్పాలి. సంచార జాతులంటే పనీపాటా లేక తిరిగేవాళ్లన్న అపవాదును అది తుడిచేసింది. గద్దీలు చలికాలం శివాలిక్ కొండల దిగువన, వేసవిలో లాహుల్, స్పితి ఎత్తుల్లో మందలు మేపుతారు. ధన్‌గర్‌లు అక్టోబరులో సజ్జలు కోసుకుని కొంకణానికి చేరితే అక్కడి రైతులు స్వాగతిస్తారు. కోసిన పొలానికి మంద ఎరువు కావాలి, మందకు పొలంలోని మోళ్లు కావాలి. ఈ తిరుగుడుకు ఒక లెక్క ఉంది. ఆ లెక్కను అడవి చట్టాలు, పుల్లరి, 1871 నాటి నేరస్థ జాతుల చట్టం ఎట్లా చెడగొట్టాయో కూడా పాఠం చెబుతుంది.

మా పేచీ బంజారాల దగ్గర. మాకు దక్కింది రెండు మూడు వాక్యాలే. ఉత్తరప్రదేశ్, పంజాబ్, రాజస్థాన్, మధ్యప్రదేశ్, మహారాష్ట్ర అని చెప్పి జాబితా ఆగిపోతుంది. తెలంగాణ, ఆంధ్ర తాండాలు అందులో లేవు. ఆ పాఠం చదివే లంబాడీ పిల్లకు తన తాత ఆ చరిత్రలో ఉన్నాడని ఎట్లా తెలుస్తుంది?

బంజారాలు దుక్కిటెద్దులు అమ్మి ధాన్యం, మేత తీసుకునేవారని అక్కడ ఉంది. అది నిజమే గాని సగం నిజం. మిగతా సగం అదే సంస్థ 2007లో తెచ్చిన ఏడో తరగతి పుస్తకంలో దొరుకుతుంది. అల్లావుద్దీన్ ఖిల్జీ నగరాల అంగళ్లకు ధాన్యం చేర్చింది బంజారాలే. పదిహేడో శతాబ్దంలో పీటర్ మండీ అనే ఇంగ్లీషు వర్తకుడు 14,000 ఎద్దులున్న తాండాను చూశాడు. ఒక పుస్తకంలో మేము పశువులు మేపేవాళ్లం, ఇంకో పుస్తకంలో సరుకు మోసేవాళ్లం. మాకు ఆ రెండూ ఒకటే బతుకు. మేపిన ఎద్దే గోనె మోసింది. రైలు వచ్చి ఆ గోనెను దించేసింది. నేరస్థ జాతుల చట్టం 1952లో రద్దయింది గాని, ఆ అనుమానపు చూపు అంత తొందరగా పోలేదు.

ఇంకో లోటు కూడా ఉంది. పాఠం మమ్మల్ని గతంలోనే వదిలేసింది. ఎద్దుల బిడారు పోయినా, ఏటా సీత్లా పండుగకు తాండాలో పశువులను నైవేద్యం మీదుగా దాటిస్తాం. గొడ్డూగోదకు రోగం రాకూడదని మొక్కుతాం. దాటుడు పండుగ అనేది అందుకే. మంద మీద బతికిన జాతి తన చరిత్రను ఇట్లా దాచుకుంది. అది ఏ పుస్తకంలోనూ పాఠం కాలేదు.

ఉపాధ్యాయ మిత్రులకు మా మనవి ఒకటే. ఈ పాఠం చెప్పే రోజు రెండు పుస్తకాలూ పక్కపక్కన పెట్టండి. ఎద్దుల పేర్లు, గోనె కొలతలు, నడిచిన బాటలు గోర్‌బోలిలో అడిగి తెలుగు లిపిలో రాసుకు రమ్మని తాండా పిల్లలకు చెప్పండి. పెద్దలు పోకముందే ఆ పని జరగాలి. పాఠంలో లేని పేజీ మన పిల్లల చేతే రాయించాలి.