సూత్రానికి ముందు బొమ్మ

బలం ద్రవ్యరాశి, త్వరణాల లబ్ధానికి సమానమన్న సూత్రం పదో తరగతి దాటిన వారిలో చాలామందికి నోటికి వచ్చినా, దానితో లెక్క చేయడం కొందరికే పట్టుబడుతుంది. ఈ తేడాకు కారణం గుణకారంలో లేదు. ఏ వస్తువును పరిశీలిస్తున్నారో తేల్చుకోకుండానే అంకెలను సూత్రంలో వేయడంలో ఉంది. సమీకరణంలోని మూడు రాశులూ ఒకే వస్తువుకు చెందాలి: దాని జడత్వానికి కొలమానమైన ద్రవ్యరాశి, దాని వేగం మారే రేటు అయిన త్వరణం, దానిపై బయటి నుంచి పనిచేసే బలాలన్నింటినీ దిశలతో సహా కూడితే వచ్చే ఫలిత బలం.

1687లో వెలువడిన ‘ప్రిన్సిపియా’లో న్యూటన్ ఈ నియమాన్ని నేటి సమీకరణంగా కాక, చలనంలో కలిగే మార్పు ప్రయోగించిన బలానికి అనులోమానుపాతంలో ఉంటుందని మాటల్లోనే చెప్పాడు. దానిని మూడు అక్షాల వెంబడి మూడు సమీకరణాలుగా విడదీసి, ఏ వస్తువుకైనా వర్తించే పద్ధతిగా మలిచినవాడు లియొనార్డ్ ఆయిలర్. 1750లో బెర్లిన్ అకాడమీకి ఆయన సమర్పించిన పత్రంలో ఆ రూపం కనిపిస్తుంది.

ఈ పద్ధతిలోని మెలకువ తెలియడానికి కేంబ్రిడ్జ్ పండితుడు జార్జ్ అట్‌వుడ్ 1784 నాటి తన గ్రంథంలో వర్ణించిన యంత్రం చాలు. కప్పీ మీదుగా వేసిన దారానికి రెండు కొసలా దాదాపు సమానమైన బరువులు వేలాడదీస్తే, బరువైనది నేరుగా పడే వస్తువుకంటే చాలా నెమ్మదిగా దిగుతుంది కనుక, ఆనాటి లోలకపు గడియారంతోనే త్వరణాన్ని కొలవడం సాధ్యమైంది.

ఒక కొసకు 3 కిలోగ్రాములు, మరో కొసకు 2 కిలోగ్రాములు కట్టారనీ, దారం బరువునూ కప్పీ ఘర్షణనూ లెక్కలోకి తీసుకోనక్కర లేదనీ, గురుత్వ త్వరణం సెకను వర్గానికి 10 మీటర్లనీ అనుకుంటే, చాలామంది దారంలోని లాగుడును, అంటే తన్యతను, 30 న్యూటన్లని రాసేస్తారు. అదే నిజమైతే 3 కిలోల వస్తువుపై కిందికి 30, పైకి 30 పనిచేసి ఫలిత బలం సున్నా అవుతుంది. అప్పుడు నిశ్చల స్థితి నుంచి వదిలిన ఆ వస్తువు కదలనే కదలదు. వస్తువులను విడివిడిగా చూస్తే చిక్కు వీడుతుంది: 30 నుంచి తన్యతను తీసేస్తే వచ్చేది త్వరణానికి 3 రెట్లు, తన్యత నుంచి 20 తీసేస్తే వచ్చేది త్వరణానికి 2 రెట్లు. రెండింటినీ కూడితే తన్యత కొట్టుకుపోయి, 10 న్యూటన్ల తేడా మొత్తం 5 కిలోగ్రాములను కదుపుతోందని, త్వరణం 2 అని, తన్యత 24 న్యూటన్లని తేలుతుంది.

ఇలా విడదీసి చూడడానికి గీసే బొమ్మనే స్వేచ్ఛా వస్తు పటం అంటారు. ఎంచుకున్న వస్తువును ఒంటరిగా గీసి, ఇతర వస్తువులు దానిపై ప్రయోగించే బలాలను మాత్రమే బాణపు గుర్తులతో చూపాలి. ప్రతి బాణానికీ దానిని ప్రయోగించేది ఏదో చెప్పగలగాలి. భారానికి భూమి, తన్యతకు దారం సమాధానాలు. ద్రవ్యరాశి, త్వరణాల లబ్ధాన్ని కూడా ఒక బాణంగా గీసే అలవాటు చాలామందికి ఉంది గానీ, దానిని ప్రయోగించేది ఏదీ లేదు కనుక ఆ బాణాన్ని చెరిపేయవలసిందే. అది బలాల ఫలితమే తప్ప మరో బలం కాదు.

జవాబు వచ్చాక పుస్తకం చివరి పుటలు తిప్పే ముందు దానిని దానితోనే పరీక్షించవచ్చు. తేలికైనది పైకి, బరువైనది కిందికి త్వరణం పొందుతున్నాయి కాబట్టి తన్యత 20కీ 30కీ మధ్యనే ఉండి తీరాలి. బరువులు సమానమైతే త్వరణం సున్నా కావాలి. ఒక కొసన ఏమీ లేకపోతే రెండోది స్వేచ్ఛగా పడి తన్యత సున్నా కావాలి. ఈ మూడు ప్రశ్నలు వేసుకునే విద్యార్థికి సూత్రం మరిచిపోతానన్న భయం ఉండదు, ఎందుకంటే అప్పటికి అతనికి తెలిసింది సూత్రం ఒక్కటే కాదు, అది అలా ఉండడానికి కారణం కూడా.