తండ్రి కంటే పెద్ద కొడుకులు

గుమ్మడి వెంకటేశ్వరరావు 1927లో పుట్టారు. అక్కినేని నాగేశ్వరరావు ఆయనకన్నా మూడేళ్లు పెద్ద, ఎన్.టి.రామారావు నాలుగేళ్లు పెద్ద. అయినా 1955 నాటి ‘అర్ధాంగి’లో అక్కినేనికి తండ్రి గుమ్మడే. ‘మాయాబజార్’ (1957)లో రామారావు కృష్ణుడైతే, అన్నగారు బలరాముడు గుమ్మడి. ‘మహామంత్రి తిమ్మరుసు’ (1962)లో అదే రామారావు కృష్ణదేవరాయలై, మంత్రి తిమ్మరుసు వేసిన గుమ్మడిని అప్పాజీ అని పిలుస్తాడు. ఈ లెక్క విన్నవాళ్లు సాధారణంగా మేకప్‌ను మెచ్చుకుంటారు. నలుపు తెలుపుల్లో విగ్గు, పౌడరు వయసును తేలిగ్గా దాచేవని కూడా అంటారు. కానీ విగ్గులు ఆ రోజుల్లో అందరూ పెట్టుకున్నారు, అందరికీ పెద్దరికం రాలేదు. ఎదుటి పాత్రతో తనకున్న చుట్టరికాన్ని నటుడు ఎంత నమ్మాడన్నదే తెరమీద కనిపిస్తుంది. క్యారెక్టర్ నటుడి పనంతా ఆ నమ్మకంలోనే ఉంది.

బలరాముణ్ణే తీసుకోండి. కథలో ఆయన చేసేది చిన్న తప్పేం కాదు. కూతురు శశిరేఖను అభిమన్యుడికిస్తానని చెల్లెలు సుభద్రకు మాటిచ్చి, పాండవులు జూదంలో సర్వం పోగొట్టుకున్నాక దుర్యోధనుడి కొడుక్కి ఇవ్వడానికి ఒప్పుకుంటాడు. ఇక్కడ ప్రేక్షకుడు ఆయన్ని అసహ్యించుకున్నాడో, కథ మొత్తం చేదెక్కిపోతుంది. గుమ్మడి ఆయన్ని దుర్మార్గుణ్ణి చెయ్యలేదు, వెర్రిబాగులవాణ్ణీ చెయ్యలేదు. పొగడ్తకు లొంగే పెద్దమనిషిని చేశారు. శకునిగా సి.ఎస్.ఆర్. తేనె పూసిన మాటలు వదులుతుంటే బలరాముడి ముఖం విచ్చుకుంటుంది. అందులో దురాశ కనబడదు, తన గొప్ప ఒకరు గుర్తించారన్న తృప్తి కనబడుతుంది. ఇలాంటి పెదనాన్నలు మన ఇళ్లలో ఉంటారు. వాళ్లను చాటున తిట్టుకుంటాం, శుభలేఖ మాత్రం ముందు వాళ్లకే ఇస్తాం.

తిమ్మరుసు ఇంకా కష్టం. రాజును చేయిపట్టి నడిపించినవాడూ ఆయనే, రాజుకు తలవంచవలసినవాడూ ఆయనే. గుమ్మడి ఇక్కడ గొంతు పెంచరు. ఆ నిదానంలోనే వయసంతా ఉంది. చేయని హత్య మీద పడి, కళ్లు పొడిపించే శిక్ష పడినప్పుడు మన గుండె కలుక్కుమనేది మంత్రి కోసమే కాదు. తండ్రిలాంటివాణ్ణి శిక్షిస్తున్న రాయల కోసం కూడా. పక్క పాత్ర అంత నిబ్బరంగా నిలబడింది కాబట్టే హీరో చేసిన పొరపాటుకు అంత బరువొచ్చింది.

గుమ్మడి అనగానే గుండె పట్టుకుని కూలిపోయే తండ్రే గుర్తొస్తాడని, ఒకే మూసలో అరిగిపోయారని ఒక ఫిర్యాదుంది. అందులో నిజం లేకపోలేదు. ఒక పాత్ర పండితే దాన్నే పదిసార్లు అడగడం మన పరిశ్రమకు అలవాటు. అయితే బలరాముడి దుడుకు, తిమ్మరుసు నిబ్బరం రెండూ చూపించిన నటుడికి శక్తి చాలలేదనడం అన్యాయం, రాసినవాళ్లే చాలలేదు. ఇప్పటి టీవీ సీరియళ్లలో నటుడికి తగిన చోటు దొరకని ఈ కష్టం మరో రకంగా ఉంది. ఒకరు ఒక్క మాటంటే గదిలో అందరి ముఖాల మీదికీ కెమెరా తిరుగుతుంది, అందరూ ఒకేలా ఉలిక్కిపడాలి. తండ్రి వేషం వేసినవాడికి ఎదుటివాడి మాట వినే వ్యవధి ఏది?

2010 జనవరి 26న గుమ్మడి కన్నుమూశారు. నాలుగు రోజులకే రంగులద్దిన ‘మాయాబజార్’ థియేటర్లకొచ్చింది. నలుపు తెలుపులు దాచాయనుకున్నదేదైనా ఆ రంగుల్లో బయటపడాలి. ముప్ఫై ఏళ్ల బలరాముడు అప్పుడూ కృష్ణుడికి అన్నగారిలాగే ఉన్నాడు.