పోటూ పాటూ ఎరిగిన ఈత

గోలి శ్యామల ఈతలో వేగం వెతికితే నిరాశే మిగులుతుంది. 2021 మార్చి 19న ఆమె శ్రీలంక తీరాన తెల్లవారుజామున నీళ్లలో దిగి, పాక్ జలసంధి ఈది, సాయంత్రానికి ధనుష్కోటిలో ఒడ్డెక్కారు. దూరం సుమారు 30 కిలోమీటర్లు. పట్టిన సమయం 13 గంటల 43 నిమిషాలు. లెక్కేస్తే నిమిషానికి 36 మీటర్లు. అంటే 50 మీటర్ల కొలనులో ఈ చివర నుంచి ఆ చివరకు 80 సెకన్ల పైమాటే. జాతీయ పోటీల్లో ముందుండే ఆడపిల్లలు అదే దూరాన్ని 30 సెకన్లలోపు ముగించేస్తారు.

అయినా నాకు ముచ్చటగొలిపేది ఈ 36 మీటర్లే. నిమిషానికి యాభై బారలు వేశారనుకున్నా మొత్తం నలభై వేలు దాటతాయి. మొదటి బారకూ నలభై వేలో బారకూ పెద్ద తేడా రాకూడదు. మన కృష్ణా డెల్టాలో నాట్లు వేసే ఆడవాళ్లను చూసినవారికి ఇది చెప్పక్కర్లేదు. పొద్దున్నే జోరు చూపించినామె మధ్యాహ్నానికి వెనకబడుతుంది. ఒకే తీరున వంగి ఒకే తీరున నాటినామె మడి దాటుతుంది.

ఒక్క బారను దగ్గరగా చూద్దాం. చెయ్యి ముందుకు చాచి నీళ్లలోకి దించాక అరచేత్తో నీటిని కిందికి నొక్కితే లాభం లేదు. ఒళ్లు పైకి లేస్తుందే తప్ప ముందుకు పోదు. మోచెయ్యి పైన నిలిపి, ముంజేతినంతా తెడ్డులా తిప్పి నీటిని వెనక్కి నెట్టాలి. ఆ బలం భుజానిదే అయితే మూడు నాలుగు గంటల్లో భుజం పట్టేస్తుంది. అందుకే నడుము దగ్గర నుంచి ఒళ్లంతా పక్కకు దొర్లాలి, వీపు కండ లాగాలి. ఆ దొర్లుడులోనే నోరు నీటి అంచు దాటి పైకి వస్తుంది, ఊపిరి అందుతుంది. దానికోసం తల ఎత్తారా, వెనక కాళ్లు మునుగుతాయి. కాళ్లు కూడా ఎక్కువ ఆడించకూడదు. తొడలు తినే ప్రాణవాయువు ఇంతా అంతా కాదు. ఉప్పునీరు ఒంటిని కాస్త తేలుస్తుంది కాబట్టి కాళ్లకు ఆ మాత్రం సెలవు ఇవ్వొచ్చు.

తిండి సంగతి మరీ చిత్రం. ఈ తరహా ఈతలో పక్కనే పడవ వస్తుంది కానీ దాన్ని తాకకూడదు. తాకితే ఈత అక్కడితో సరి. తాడు కట్టిన సీసా విసురుతారు. నీళ్లలోనే తేలుతూ నాలుగు గుక్కలు తాగి సీసా వదిలేయాలి. అరగంటకోసారి అనుకుంటే పదమూడున్నర గంటల్లో పాతికసార్లు పైనే ఆగాలి. ఆగిన ప్రతిసారీ రెండేసి నిమిషాలు పోతే దాదాపు గంట హరించుకుపోతుంది. పైగా ఆగినంతసేపూ ప్రవాహం మనిషిని తన దారిన తీసుకుపోతుంది. పోటు ఒకసారి, పాటు ఒకసారి, దాదాపు ఆరేసి గంటలకు నీరు దిశ మార్చుకుంటుంది. అన్ని గంటల ఈతలో రెండూ ఎదురు కాక తప్పదు. ఎప్పుడు దిగాలో తెలిసి ఉండటం సగం పని. 2012లో అదే జలసంధి ఈదిన ఐపీఎస్ అధికారి రాజీవ్ త్రివేది దగ్గర తర్ఫీదు పొందడం శ్యామలకు ఇక్కడే అక్కరకొచ్చి ఉంటుంది.

ఆమె కంటే ముందు 2004లో బెంగాల్ ఈతగత్తె బులా చౌదరి ఈ జలసంధిని ఈదారు. చిన్నతనం నుంచీ కొలనులో పెరిగిన జాతీయ ఛాంపియన్ ఆమె. ఆమెకూ దాదాపు 14 గంటలే పట్టింది. సామర్లకోటలో పుట్టి, హైదరాబాదులో యానిమేషన్ పనిచేసుకుంటూ, నలభై దాటాక ఈత నేర్చుకున్న శ్యామలకూ అంతే పట్టిందంటే ఆ తర్ఫీదు ఎంత గట్టిదో ఊహించుకోవచ్చు.

తర్వాత శ్యామల అమెరికాలో కాటలీనా జలసంధినీ, లక్షద్వీప్ సముద్రంలోనూ ఈదారు. 2024 డిసెంబరు 28న విశాఖ ఆర్.కె. బీచ్‌లో దిగి, విడతలుగా సుమారు 150 కిలోమీటర్లు ఈది 2025 జనవరి 3న కాకినాడ చేరారు. అప్పటికి వయసు 52. నా మట్టుకు నాకు పాక్ జలసంధి కంటే ఇదే గొప్పగా తోస్తుంది. నిన్నటి నొప్పి భుజాల్లో ఉండగానే మర్నాడు మళ్లీ నీళ్లలో దిగాలి కదా.

ఆమె ఒడ్డెక్కిన ధనుష్కోటి 1964 డిసెంబరు తుపానులో కొట్టుకుపోయిన ఊరు. ఆ మాట దివిసీమవాళ్లకు వేరుగా వినపడుతుంది. 1977 నవంబరు 19 ఉప్పెనలో వేలమందిని పోగొట్టుకున్న నేల మనది. సముద్రమంటే మనకున్న భయం ఉత్త భయం కాదు. కార్తీక పౌర్ణమికి మంగినపూడిలో, మాఘ పౌర్ణమికి హంసలదీవిలో ఆడవాళ్లు ఒకరి చెయ్యి ఒకరు పట్టుకుని మొలలోతులో మూడు మునకలేసి వచ్చేస్తారు. గుడివాడ, బందరు కాలవల్లో సొరకాయ బుర్ర కట్టుకుని ఈత నేర్చింది ఎక్కువగా మగపిల్లలే. అదే రేవులో బట్టలుతికిన అక్కలు ఎందరో ఈత రాకుండానే పెళ్లై వెళ్లిపోయారు.

ఈ వేసవిలో మీ దగ్గర ఈత నేర్పేవాళ్లుంటే అబ్బాయితో పాటు అమ్మాయినీ పంపండి. కాలవలోకైతే తోడు లేకుండా దించకండి. అమ్మాయిని దింపడానికి వెళ్లిన తల్లి కూడా గట్టునే కూర్చోనక్కర్లేదు, పేరు రాయించుకోవచ్చు.